ఖాళీ బరువు

బంగారుపాళెం రోడ్డులో మా కాటా
పది కిలోలకు తక్కువ చదవదు.
అందుకే నా విశ్వంలో వెలితి
పదేసి కిలోల ముద్దగానే పుడుతుంది.
అంతకంటే చిన్నది ఉందేమో, నాకు తెలీదు.
నా దగ్గరుండే తూకం ఇదే.

వెలితి అంటే బాధ కాదు, ముందే చెప్తావుండా.
అదొక కణం.
చిట్టీల పుస్తకం వెనకవైపు, నైట్ డ్యూటీలో,
టీ బంకు మూసేసినాక, ఆవలింతకీ ఆవలింతకీ నడుమ
నేను కట్టుకున్న లోకంలో అది ఉంది.
దానికి రంగు లేదు, ఆవేశం లేదు,
వెలుతురు దాన్ని తాకకుండా పక్కనించి పోతుంది.
సగం చుట్టు తిరిగి, ఏదో మర్చిపోయినట్టు ఆగుతుంది.
ఒక వస్తువు ఒక చోటినించి లేచిపోతే
ఆ చోటు దాన్ని కంటుంది.
వస్తువు తిరిగొచ్చినా అది చావదు.
ఇది మొదటి సూత్రం.
రెండోది రాసే లోపల
తోతాపురి లారీ ఒకటి హారన్ కొట్టింది.

మొదట అనుమానం వచ్చింది దొరస్వామన్న బండితోనే.
లోడు దించి ఖాళీగా తిరిగొస్తే ఆరువేల మూడొందలు,
నాలుగేళ్లుగా అదే అంకె, కళ్లు మూసుకుని కొట్టేవాణ్ణి.
క్లీనర్ ఏకాంబరం పని మానేసి పోయిన వారం
యాభై తగ్గాల కదా,
నలభయ్యే తగ్గింది.
"మట్టి ఉంటుంది లేప్పా" అన్నాడు అన్న.
కడిగించినాం. సీటు కింద వాడి పాత చెప్పులు తీసేసినాం.
అద్దం మీద వాడంటించిన గంగమ్మ బొమ్మ మాత్రం
గోటికి రాలేదు. కాగితం అది, ఎంతుంటుంది?
మళ్లీ ఎక్కించినాం.
ఆరువేల రెండొందల అరవై.

ఈ లోకంలో పది కిలోలకి ఎవడూ నిద్ర చెడగొట్టుకోడు.
ఆ లోకంలో అట్ల కాదు.
అక్కడ గుజ్జు ఫ్యాక్టరీ గేటు దగ్గర
ఖాళీ బండ్లదే ముందు వరస.
ధర పడిపోయి, కాయంతా రోడ్డు పక్క పారబోసి
వట్టి ట్రాక్టరుతో వచ్చిన కుప్పుసామి నాయుడికి
కుర్చీ వేస్తారు, మజ్జిగ ఇస్తారు,
ట్రాలీని పెళ్లికూతురి పల్లకిలాగా
మెల్లగా కాటా మీదికి నడిపిస్తారు,
వచ్చిన అంకె నలుగురికీ వినబడేట్టు చదివి
అణా పైసలతో లెక్క కడతారు.
తరుగు తీయరు. అక్కడ తరుగే సరుకు.

ఇది రాసి నాలో నేనే నవ్వుకున్నా.
పేజీ చింపేసినా.
మళ్లీ అన్నం మెతుకుతో అతికించినా.

మొన్న తూనికల శాఖాయన వచ్చినాడు.
ఇనప గుండ్లు ఎక్కించి, దించి,
మూలమూలకీ మార్చి మార్చి చూసి, సీసం ముద్ర కొట్టి
"కాటా కరెక్టుగా ఉంది" అన్నాడు.
మా ఓనరు మైసూరుపాకు తెప్పించినాడు.
నాకైతే ఒక విశ్వానికి షట్టరు దించినట్టు ఉండింది.
గుండ్లన్నీ వ్యానెక్కినాయి. ఆయనా ఎక్కినాడు.
ఆ పక్క దుమ్ము అణగకముందే
ఎర్రంకెల పెట్టెలో సున్నా
పదీ, సున్నా, పదీ, సున్నా అని కాసేపు కొట్టుకుంది.
గాలి అయ్యుంటుంది.
పల్లం నించి గాలి వస్తుంది మాకు.

తెల్లారుజామున నాలుగుకి దొరస్వామన్న.
ఎడమ తలుపు దబ్బుమని మూసే చప్పుడు కోసమేమో
ఇంజను ఆపి ఒక నిమిషం అట్లే కూర్చున్నాడు.
కొత్త పిల్లోణ్ణి పెట్టుకోలేదు.
దిగొచ్చి, ఫ్లాస్కులో టీ నా గ్లాసులో సగం పోసి,
కిటికీ ఊచల మీద మోచెయ్యి ఆనించి
రోజూ అడిగేదే అడిగినాడు,
"ఖాళీ ఎంత?"